బిల్లు కాగితం పోతే హక్కు పోకూడదు

కేంద్ర వినియోగదారుల రక్షణ ప్రాధికార సంస్థ చీఫ్ కమిషనర్ గారికి,

విజయవాడ బీసెంట్ రోడ్డులోనూ హైదరాబాద్ కోఠిలోనూ, ఆ మాటకొస్తే ఏ ఊరి బజారులోనైనా, కౌంటరు వెనక గోడ మీద దేవుడి పటం పక్కనే ‘అమ్మిన సరుకు వాపసు తీసుకోబడదు’ అన్న బోర్డు ఉండేది. అలా రాసిపెట్టడం న్యాయం కాదని కేంద్ర వినియోగదారుల వ్యవహారాల శాఖ 1999లోనే రాష్ట్రాలకు తెలియజేసింది. ఆ బోర్డు కొన్నిచోట్ల పోయింది, కొన్నిచోట్ల ఇంకా ఉంది. దానికంటే మర్యాదగా వినిపించే మరో మాట మాత్రం ఇప్పుడు అన్నిచోట్లా ఉంది: ‘బిల్లు తెండి, మార్చి ఇస్తాం. బిల్లు లేకపోతే మేమేం చెయ్యలేం.’ పైకి ఇందులో తప్పేమీ తోచదు. అందుకే ఎవరూ ఎదురు అడగరు. తప్పు తమదే అనుకుని, పనిచేయని మిక్సీని మళ్లీ సంచిలో పెట్టుకుని వెళ్లిపోతారు. లోపమున్న సరుకును వెనక్కి ఇచ్చే హక్కుకు కాగితం బిల్లును షరతుగా మన చట్టం ఎక్కడా పెట్టలేదు. ఆ సంగతి మీ సంస్థ మార్గదర్శకాల రూపంలో దుకాణదారులకూ కొనేవారికీ స్పష్టంగా చెప్పాలని కోరడానికే ఈ లేఖ.

నేను కోరుతున్నది ఎంతవరకో ముందే చెబుతాను. ఇంటికి తీసుకెళ్లాక చీర రంగు నచ్చలేదనో, చొక్కా బిగుతైందనో వెనక్కి ఇవ్వడం గురించి కాదు. బాగున్న సరుకును మనసు మారిందని తిరిగి తీసుకోవాలా వద్దా అన్నది దుకాణదారు ఇష్టం. దానికి ఆయన బిల్లు అడిగినా, వారం రోజుల గడువు పెట్టినా, డబ్బు ఇవ్వకుండా వేరే సరుకే ఇస్తానన్నా అభ్యంతరం చెప్పడానికి చట్టంలో ఆధారం లేదు. నా మాటంతా లోపమున్న సరుకు గురించే. రెండు రోజులకే కాలిపోయిన మిక్సీ మోటారు, మొదటి వానకే అట్ట ఊడిన బూటు, నీళ్లు కారే కొత్త గీజరు, గడువు దాటిన మందు, మొలకెత్తని విత్తనం. వీటి విషయంలో దుకాణదారు చేస్తున్నది ఉపకారం కాదు, ఆయన తీర్చవలసిన బాధ్యత. ఆ బాధ్యతను ఒక చిన్న కాగితానికి కట్టేయడం సరికాదన్నదే నా వాదన.

2019 వినియోగదారుల రక్షణ చట్టాన్ని చూడండి. ఎవరు వినియోగదారు అన్న ప్రశ్నకు ఆ చట్టంలోని 2(7) సెక్షన్ ఇచ్చే జవాబులో బిల్లు అన్న మాటే లేదు. డబ్బు చెల్లించి, లేదా చెల్లిస్తానని మాట ఇచ్చి సరుకు కొన్నవారు వినియోగదారు. అదే చట్టంలోని 2(47) అనుచిత వ్యాపార పద్ధతులు ఏవో చెబుతూ ఏడో అంశంగా బిల్లు ఇవ్వకపోవడాన్ని చేర్చింది. ఎనిమిదో అంశంగా, లోపమున్న సరుకును బిల్లులో రాసిన గడువులోగా, అలాంటి గడువేదీ రాయకపోతే ముప్ఫై రోజుల్లోగా, వెనక్కి తీసుకుని డబ్బు తిరిగి ఇవ్వడానికి నిరాకరించడాన్ని చేర్చింది. ఈ రెండూ పక్కపక్కనే ఉండటం గమనించదగినది. బిల్లు ఇవ్వడం అమ్మేవారి విధి. లోపమున్న సరుకు తీసుకోవడం కూడా అమ్మేవారి విధి. ఎనిమిదో అంశంలో బిల్లు ప్రస్తావన వచ్చింది కదా, కాబట్టి బిల్లు ఉండాలనే చట్టం అనుకుంది కదా అని వాదించేవారు ఉంటారు. కానీ అక్కడ బిల్లు వచ్చింది గడువు ఎంతో తేల్చడానికి, కొన్నారో లేదో తేల్చడానికి కాదు. ఇంకా వెనక్కి వెళితే 1930 నాటి సరుకుల విక్రయ చట్టం, అమ్మకం ఒప్పందం రాతపూర్వకంగానైనా నోటిమాటగానైనా జరగవచ్చని ఐదో సెక్షన్‌లోనే చెప్పింది. ఆ సరుకుల వ్యాపారం చేసే మనిషి అమ్మినది అమ్మదగిన నాణ్యతతో ఉండి తీరాలన్నది పదహారో సెక్షన్. నోటిమాటతో కుదిరిన అమ్మకానికి కూడా ఈ పూచీ వర్తిస్తుంది. తొంభై ఏళ్లకు పైగా ఉన్న ఈ సూత్రాన్ని గోడమీది బోర్డు రద్దు చేయలేదు.

వినియోగదారు నిర్వచనంలో ఇంకో మాట కూడా ఉంది. కొన్నవారే కాదు, కొన్నవారి అనుమతితో ఆ వస్తువు వాడుకునేవారు కూడా వినియోగదారులే. మన ఇళ్లలో దీని అర్థం చాలా పెద్దది. పెళ్లికి వచ్చిన మిక్సీ, గృహప్రవేశానికి మేనమామ పెట్టిన ఫ్యాను, కొడుకు హైదరాబాద్ నుంచి ఊళ్లో తల్లికి పంపిన ఫోను, దసరాకు యజమాని ఇచ్చిన కుక్కరు. వీటిని వాడుకునేవారి చేతిలో బిల్లు ఉండే అవకాశమే తక్కువ. కానుక ఇచ్చినవారిని బిల్లు అడగడం మన మర్యాదలో లేదు. చట్టం ఈ మనుషులను పేరుపెట్టి పిలిచినంత స్పష్టంగా తన రక్షణలోకి తీసుకుంది. కాగితం బిల్లు ఉంటేనే హక్కు అన్నామంటే, చట్టం ఒక చేత్తో ఇచ్చిన రక్షణను దుకాణం కౌంటరు దగ్గర తీసేసుకున్నట్టే.

ఇప్పుడు ఆ కాగితం సంగతి. సూపర్‌మార్కెట్టు నుంచి చెప్పుల దుకాణం దాకా ఇచ్చే బిల్లులు ఎక్కువగా థర్మల్ కాగితం మీద వస్తున్నాయి. అందులో సిరా ఉండదు. కాగితం పైపూతలోనే రంగులేని అద్దకం, దాన్ని రంగులోకి తెచ్చే మరో రసాయనం కలిపి ఉంటాయి. ప్రింటరు వేడి తగిలినచోట అవి కలిసి నల్లబడి అక్షరాలవుతాయి. ఎండ, వేడి, చేతి నూనె, ప్లాస్టిక్ కవరులోని రసాయనాలు తగిలితే ఆ అక్షరాలు వెలిసిపోతాయి. భద్రంగా ఉంటుందని లామినేషన్ చేయిస్తే ఆ వేడికి కాగితమంతా నల్లబడుతుంది. మన వేసవిలో ఇనప బీరువాలో పెట్టిన బిల్లు ఏడాది తిరిగేసరికి తెల్లకాగితం అయిపోవడం ఎవరికీ కొత్త విషయం కాదు. రెండేళ్ల వారంటీ, ఫ్రిజ్ కంప్రెసరుకైతే పదేళ్ల వారంటీ అని పెద్ద అక్షరాలతో రాసి, అది చెల్లాలంటే చూపించవలసిన ఒకే ఒక రుజువును ఏడాది కూడా నిలవని కాగితం మీద ఇస్తున్నారు. కొనుగోలుదారు నిర్లక్ష్యం అని మనం అనుకునే చాలా సందర్భాల్లో నిజానికి జరిగింది ఇదే. బిల్లు పారేయలేదు, అదే మాసిపోయింది.

అదే అమ్మకం తాలూకు మరో ప్రతి మాత్రం మాసిపోదు. జీఎస్టీ చట్టంలోని 36వ సెక్షన్ ప్రకారం నమోదైన ప్రతి వ్యాపారీ తన లెక్కలనూ రికార్డులనూ ఆ సంవత్సరపు వార్షిక రిటర్ను దాఖలు గడువు నుంచి 72 నెలల పాటు భద్రపరచాలి. అంటే ఆరేళ్లు. బిల్లు నంబరు, తేదీ, సరుకు, ధర, పన్ను అన్నీ దుకాణం కంప్యూటరులోనో దాని అకౌంటెంటు దగ్గరో ఉండాలి. ప్రభుత్వం పన్ను కోసం అడిగితే ఆరేళ్ల నాటి బిల్లు తీయగలిగిన దుకాణం, పదిహేను రోజుల కింద కొన్న మనిషి అడిగితే ‘మీ దగ్గర ఉంటేనే’ అనడం ఎలా సమంజసం? రికార్డు ఉంచవలసిన భారం చట్టం ఎవరి మీద పెట్టిందో వారి దగ్గర రికార్డు ఉంది. ఆ భారం లేనివారి దగ్గర కాగితం లేదు. రుజువు చూపమని ఎవరిని అడగాలో దీన్ని బట్టే తేలుతుంది.

కొన్నామని చూపడానికి ఈ రోజు బిల్లు ఒక్కటే దారి కూడా కాదు. 2016లో మొదలైన యూపీఐలో 2025 ఆగస్టు నెలలో జరిగిన లావాదేవీలు 2000 కోట్లు దాటాయి. టీ కొట్టు దగ్గర కూడా క్యూఆర్ కోడు ఉంది. ప్రతి చెల్లింపుకూ తేదీ, సమయం, మొత్తం, పన్నెండు అంకెల రిఫరెన్సు నంబరు కొన్నవారి ఫోనులోనూ అమ్మినవారి ఖాతాలోనూ ఉంటాయి. దుకాణదారులు దీనికి చెప్పే జవాబు ఒకటుంది: ‘డబ్బు వచ్చినట్టు తెలుస్తుంది గానీ ఏ సరుకు కొన్నారో యూపీఐలో ఉండదు కదా.’ నిజమే, ఉండదు. కానీ ఫలానా రోజు సాయంత్రం 6 గంటల 42 నిమిషాలకు 2,349 రూపాయలు వచ్చాయని తెలిశాక, ఆ రోజు బిల్లుల్లో అదే మొత్తానికి, అదే సమయానికి ఉన్న బిల్లును వెతకడానికి బిల్లింగ్ సాఫ్ట్‌వేరుకు ఎంతసేపు పడుతుంది? ఇక ఫోనుకు ఐఎంఈఐ నంబరు ఉంది. ఫ్రిజ్‌కూ టీవీకీ సీరియల్ నంబరు ఉంది. 2023 ఏప్రిల్ 1 నుంచి హాల్‌మార్క్ బంగారు నగ మీద అక్షరాలు, అంకెలు కలిసి ఆరు ఉండే గుర్తింపు సంఖ్య హెచ్‌యూఐడీ తప్పనిసరైంది. మందు పట్టీ మీద బ్యాచ్ నంబరు ఉంటుంది. కొన్ని కంపెనీలు బిల్లు లేకపోయినా సీరియల్ నంబరును బట్టి తయారైన తేదీ నుంచి వారంటీ లెక్కగట్టి మరమ్మతు చేసి ఇస్తున్నాయి కూడా. అంటే కాగితం లేకుండా పని జరగదన్నది నిజం కాదు. జరపదలచుకుంటే జరుగుతుంది.

బిల్లు వేసేటప్పుడు పెద్ద దుకాణాలు ఫోను నంబరు అడుగుతాయి. అలా పట్టుబట్టడం తప్పని 2023 మేలో కేంద్ర వినియోగదారుల వ్యవహారాల శాఖే వ్యాపారులకు సూచన పంపింది. అయినా చాలామంది నంబరు చెబుతూనే ఉన్నారు, ఆ నంబరుకు పండగ ఆఫర్ల సందేశాలు వస్తూనే ఉన్నాయి. ఏ నంబరు వారు ఎప్పుడు ఏం కొన్నారో అమ్మకాలు పెంచుకోవడానికి పనికొచ్చే జాబితా, లోపమున్న సరుకు తెచ్చినప్పుడు మాత్రం ఎందుకు పనికిరాదు?

ఈ సమస్య పట్టణపు మిక్సీలతో, బూట్లతో ఆగిపోతే నేను ఇంత పట్టుదలగా రాసేవాడిని కాదేమో. దీని బరువంతా విత్తనాల దగ్గర తెలుస్తుంది. విత్తనం అమ్మే ప్రతి డీలరూ కొన్నవారికి నగదు లేదా అరువు బిల్లు ఇచ్చి తీరాలని 1983 విత్తనాల నియంత్రణ ఉత్తర్వు చెబుతోంది. బిల్లు, ఖాళీ ప్యాకెట్టు పంట చేతికొచ్చేదాకా దాచుకోండని ప్రతి ఖరీఫ్‌కు ముందూ వ్యవసాయాధికారులు చెబుతూనే ఉంటారు. కానీ పత్తి, మిరప ప్రాంతాల్లో విత్తనాలు, ఎరువులు, పురుగు మందులు చాలావరకు అరువు మీద, తెలంగాణ మాటలో ఉద్దెర మీద నడుస్తాయి. అప్పిచ్చేవారూ అమ్మేవారూ ఒకరే. లెక్కంతా డీలరు ఖాతా పుస్తకంలో ఉంటుంది. పంట వచ్చాక తీర్చవలసిన రైతు, జూన్‌లో దుకాణం ముందు నిలబడి ‘ముందు బిల్లు రాయండి, తర్వాతే ప్యాకెట్టు తీసుకుంటా’ అని గట్టిగా అనగలిగిన స్థితిలో లేడు. వాన పడింది, పదును ఆరిపోతోంది, ఇంకో డీలరు అరువు ఇవ్వడు. బిల్లు లేకుండానే విత్తనం పొలంలోకి వెళుతుంది. మొలక రాకపోతే వారంలో తెలుస్తుంది. కాపు రాకపోతే రెండు మూడు నెలలకు గానీ తెలియదు. అప్పుడు డీలరు అనే మొదటి మాట, ‘మా దగ్గరే కొన్నావనడానికి బిల్లేది?’ అప్పు వసూలు చేసుకోవడానికి అదే డీలరు పుస్తకంలో అదే అమ్మకం తేదీతో సహా ఉంటుంది. వసూలుకు సాక్ష్యమైన పుస్తకం పరిహారానికి సాక్ష్యం కాకుండా ఎలా పోతుంది?

సుప్రీంకోర్టు ఈ విషయంలో దారి చూపింది. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ రైతులు వేసిన ఫిర్యాదుల మీద జాతీయ విత్తన సంస్థ పైకోర్టుకు వెళ్లిన కేసులో 2012 జనవరిలో తీర్పు వచ్చింది. రైతులు వినియోగదారులు కారని, విత్తన నమూనాను ప్రయోగశాలలో పరీక్షించకుండా లోపముందని ఎలా అంటారని ఆ సంస్థ వాదించింది. కోర్టు ఆ రెండు వాదనలనూ తోసిపుచ్చింది. కొన్న విత్తనమంతా రైతు విత్తుకుంటాడు, పరీక్ష కోసం కొంత దాచి ఉంచాలని అతని నుంచి ఆశించడం తగదని, అదే రకం విత్తనం అమ్మిన సంస్థ దగ్గరే ఉంటుంది గనక కావాలంటే అదే పరీక్షకు పెట్టించుకోవచ్చని ఆ తీర్పు సారాంశం. రుజువు ఎవరి దగ్గర సహజంగా ఉంటుందో వారినే అడగాలన్న ఈ తర్కాన్ని మన అన్ని దుకాణాల కౌంటర్ల దగ్గరికీ తీసుకురమ్మన్నదే నా అభ్యర్థన. మొలకెత్తని విత్తనం విషయంలో దేశపు అత్యున్నత న్యాయస్థానం రైతు మీద మోపని భారాన్ని, కాలిపోయిన గీజరు విషయంలో ఒక సేల్స్‌మన్ ఎవరి మీదైనా ఎందుకు మోపాలి?

వ్యాపారుల వైపు నుంచి వచ్చే అభ్యంతరాల్లో మోసాల భయం మొదటిది. దొంగిలించిన సరుకు తెచ్చి డబ్బు అడుగుతారు, వేరే దుకాణంలో తక్కువకు కొన్నది ఇక్కడ ఎక్కువకు వాపసు ఇస్తారు, కొత్త పెట్టెలో పాత వస్తువు పెట్టి తెస్తారు అంటారు. ఇవి జరగవని నేను అనను. అయితే వీటిలో ఏదీ బిల్లు అడిగితే పూర్తిగా ఆగేది కాదు. పాత వస్తువును కొత్త పెట్టెలో పెట్టేవారి దగ్గర అసలు బిల్లే ఉంటుంది. ఆ మోసాన్ని పట్టేది సీరియల్ నంబరు. వేరే చోట కొన్న సరుకైతే ఈ దుకాణం రికార్డులో దాని ఆనవాలు ఉండదు, అప్పుడు నిరాకరించే హక్కు దుకాణదారుకు నిండుగా ఉంది. డబ్బు ఏ ఖాతా నుంచి వచ్చిందో అదే ఖాతాకు తిరిగి పంపితే దొంగసొత్తు తెచ్చినవారికి మిగిలేదేమీ లేదు. ధర మీద అనుమానముంటే గత నెల రోజుల్లో తాము అమ్మిన అతి తక్కువ ధరకే లెక్కగట్టవచ్చు. అమెరికాలో కొన్ని పెద్ద దుకాణాలు రసీదు లేనివారి గుర్తింపు కార్డు నమోదు చేసుకుని, ఇన్నిసార్లే అని పరిమితి పెట్టి, డబ్బుకు బదులు అదే దుకాణంలో చెల్లే కార్డు ఇస్తాయి. అక్కడ ఇది చట్టం చెప్పినందుకు కాదు, వ్యాపారానికి మంచిదని వారే చేసుకున్న ఏర్పాటు. కొద్దిమంది మోసగాళ్ల కోసం మిగిలిన అందరినీ వాకిట్లోనే ఆపేయడం కంటే ఇలాంటి జాగ్రత్తలు మేలు.

రెండో అభ్యంతరం మరింత గట్టిది, దాన్ని దాటవేయడం నాకు ఇష్టం లేదు. ‘బిల్లు వద్దని కొన్నవారే అంటారు. టైల్సుకీ, శానిటరీ సామానుకీ, ఎలక్ట్రికల్ వైర్లకీ, ఫర్నిచరుకీ పన్ను తగ్గుతుందని వారే అడుగుతారు. ఎస్టిమేట్ అని రాసిన తెల్ల చీటీ చాలంటారు. లాభం తీసుకున్నప్పుడు నష్టం కూడా భరించాలి కదా?’ ఇది జరుగుతున్నది, తప్పు కూడా. పన్ను ఎగ్గొట్టడంలో చేయి కలిపినవారిని నేను వెనకేసుకు రాను. అయితే ఆ తప్పుకు శిక్ష వేయవలసింది పన్నుల శాఖ. దాన్ని లోపమున్న సరుకు అమ్మిన వ్యాపారికి బహుమతిగా ఇవ్వకూడదు. బిల్లు లేకుండా అమ్మడం ముందుగా అమ్మినవారి నేరం. జీఎస్టీ చట్టం 122వ సెక్షన్ దానికి పదివేల రూపాయలు, లేదా ఎగ్గొట్టిన పన్ను, ఏది ఎక్కువైతే అంత జరిమానా పెట్టింది. వినియోగదారుల చట్టం దాన్నే అనుచిత వ్యాపార పద్ధతి అంది. తన తప్పునే తనకు రక్షణగా చూపుకోవడానికి ఎవరికీ వీలు లేదన్నది న్యాయశాస్త్రంలో పాత సూత్రం. బిల్లు ఇవ్వని దుకాణదారు ‘బిల్లేది’ అని అడగడం సరిగ్గా అదే. పైగా, బిల్లు ఇవ్వకపోతే సరుకు వెనక్కి రాదన్న ధీమా వ్యాపారికి ఉన్నంతకాలం బిల్లు ఇవ్వకపోవడం ఆయనకు రెండు విధాలా లాభం. పన్నూ మిగులుతుంది, పూచీ కూడా తప్పుతుంది. ఆ రెండో లాభాన్ని తీసేస్తే బిల్లులు వాటంతట అవే పెరుగుతాయి. ‘మేరా బిల్ మేరా అధికార్’ పేరిట 2023 సెప్టెంబరులో అస్సాం, గుజరాత్, హర్యానాల్లో, రెండు కేంద్రపాలిత ప్రాంతాల్లో బిల్లు అప్‌లోడ్ చేసినవారికి లాటరీ బహుమతులు పెట్టారు. అది పన్ను వసూలు కోసం పుట్టిన ఆలోచన. బిల్లు ఇవ్వకపోయినా బాధ్యత తప్పదని వ్యాపారికి తెలియజేయడం లాటరీ కంటే నిలకడైన మార్గం అని నా నమ్మకం.

చిన్న కొట్ల సంగతేమిటి? తెలంగాణలో సరుకుల వ్యాపారానికి ఏడాదికి 20 లక్షలు, ఆంధ్రప్రదేశ్‌లో 40 లక్షల టర్నోవరు లోపు ఉంటే జీఎస్టీ నమోదే అక్కర్లేదు. నమోదైనవారు కూడా 200 రూపాయల లోపు అమ్మకానికి కొన్నవారు అడగకపోతే విడి బిల్లు ఇవ్వనక్కర్లేదు, రోజు చివర ఒక మొత్తం బిల్లు రాసుకుంటే చాలు. అలాంటి కిరాణా కొట్టును కంప్యూటరు పెట్టమని, ఆరేళ్ల రికార్డులు వెతకమని ఎవరూ అడగడం లేదు. నిజానికి ఈ సమస్య అక్కడ తక్కువ. పురుగు పట్టిన కందిపప్పు తిరిగి తీసుకెళితే వీధి చివరి కొట్టులో బిల్లు అడగరు, మనిషిని చూస్తారు. ఎదుటి మనిషి ముఖం గుర్తుండదు గనక కాగితం కావాలన్నది పెద్ద దుకాణాల అవసరం. ముఖం బదులు రికార్డు ఉంచుకోగలిగిన స్తోమత కూడా వాటికే ఉంది. కాబట్టి నేను కోరే నియమం జీఎస్టీలో నమోదైన వ్యాపారులకు, విత్తనాలు, మందుల వంటి లైసెన్సు తప్పనిసరైన సరుకులు అమ్మేవారికి వర్తిస్తే చాలు.

‘అన్యాయం జరిగితే జిల్లా కమిషన్ ఉంది కదా’ అని కూడా అనవచ్చు. ఉంది. ఐదు లక్షల లోపు కేసుకు రుసుము కూడా లేదు. బ్యాంకు స్టేట్‌మెంటును, ప్రమాణపత్రాన్ని సాక్ష్యంగా కమిషన్ ముందు పెట్టుకోవచ్చు, ఫిర్యాదుకు రెండేళ్ల గడువూ ఉంది. అయితే 900 రూపాయల ఇస్త్రీ పెట్టె కోసం రోజు కూలి వదులుకుని జిల్లా కేంద్రానికి ఎన్ని వాయిదాలకు తిరుగుతారు? 1915 హెల్ప్‌లైనుకు ఫోను చేయడం తేలిక, కానీ అక్కడ కూడా ఫిర్యాదుదారు ‘బిల్లు లేదు’ అని చెప్పుకోవడానికి ముందే వెనకాడతారు, ఎందుకంటే బిల్లు లేకపోతే హక్కు లేదని దుకాణం అప్పటికే వారిని నమ్మించింది. కేసు గెలవగల హక్కు వేరు, కౌంటరు దగ్గర చెల్లే హక్కు వేరు. చిన్న మొత్తాల విషయంలో రెండోది లేకపోతే మొదటిది ఉన్నట్టు లెక్క కాదు.

కొన్ని ఇతర దేశాలు ఈ రుజువు ప్రశ్నను ఎప్పుడో తేల్చేశాయి. బ్రిటన్‌లో 2015 వినియోగదారుల హక్కుల చట్టం లోపమున్న సరుకును 30 రోజుల్లో తిరస్కరించే హక్కు ఇచ్చింది. కొన్నట్టు చూపడానికి అక్కడ బ్యాంకు స్టేట్‌మెంటు సరిపోతుంది. ఆస్ట్రేలియాలో రసీదే కానక్కర్లేదు, కార్డు స్టేట్‌మెంటు, వారంటీ కార్డు, దుకాణం కంప్యూటరులో దొరికే సీరియల్ నంబరు వంటివి కూడా కొనుగోలుకు రుజువులేనని అక్కడి పోటీ, వినియోగదారుల కమిషన్ ప్రజలకు స్పష్టంగా చెబుతుంది. అక్కడ స్థిరపడిన మనవాళ్లు ఈ సౌకర్యాన్ని మామూలు విషయంగా అనుభవిస్తున్నారు. మన చట్టం సారంలో వాటికంటే వెనకబడి లేదు. దాన్ని కౌంటరు భాషలో విడమరచి చెప్పేవారే లేరు.

ఆ పని చేసే అధికారం మీకుంది. అనుచిత వ్యాపార పద్ధతులను ఆపడానికి మార్గదర్శకాలు జారీ చేయవచ్చని 18వ సెక్షన్ చెబుతోంది. తప్పుదారి పట్టించే ప్రకటనల మీద 2022 జూన్‌లో, హోటళ్ల సర్వీసు ఛార్జీ మీద 2022 జూలైలో, ఆన్‌లైన్‌లో కొనేవారిని మభ్యపెట్టే డార్క్ ప్యాటర్న్‌ల మీద 2023 నవంబరులో మీరు ఈ పని చేశారు. సర్వీసు ఛార్జీ మార్గదర్శకాలను హోటళ్ల సంఘాలు సవాలు చేస్తే 2025 మార్చిలో ఢిల్లీ హైకోర్టు వాటిని సమర్థిస్తూ, మీది సలహాలిచ్చే సంస్థ మాత్రమే కాదని కూడా స్పష్టం చేసింది. అదే అధికారంతో, కొనుగోలును సమంజసంగా చూపే మరే ఆధారమైనా ఉన్నప్పుడు కేవలం కాగితం బిల్లు లేదని లోపమున్న సరుకును తిరస్కరించడం 2(47) కింద అనుచిత పద్ధతి అని ప్రకటించండి. తేదీ, మొత్తం, ఫోను నంబరు, సీరియల్ నంబరులో ఏ ఒక్కటి చెప్పినా తన రికార్డులో వెతికి బిల్లు మరో ప్రతిని ఉచితంగా ఇవ్వడం దుకాణం బాధ్యత అని చెప్పండి. వారంటీ ఉన్న సరుకుకు ఆ వారంటీ కాలం నిలిచే బిల్లు ఇవ్వాలని, అంటే కనీసం సందేశం రూపంలోనైనా పంపాలని, అది కూడా కొన్నవారు ఒప్పుకుంటేనే అని చేర్చండి. బిల్లు మీద గడువును మూడు రోజులనో వారమనో అచ్చువేసి చట్టం చెప్పిన ముప్ఫై రోజులను కుదించే అలవాటును కూడా ఒకసారి పరిశీలించండి. అలాంటి గడువుకు కనీస పరిమితి లేకపోవడం చట్టంలోని పెద్ద ఖాళీ.

విత్తనాల విషయంలో మీరు ఒక్కరే చేయగలిగింది తక్కువ. లైసెన్సులిచ్చేదీ రద్దు చేసేదీ రాష్ట్ర వ్యవసాయ శాఖలు. అందుకే ఆంధ్రప్రదేశ్, తెలంగాణ ప్రభుత్వాలకు మీ సంస్థ తరఫున విడిగా లేఖ రాయమని కోరుతున్నాను. డీలరు అరువు ఖాతా పుస్తకం, స్టాకు రిజిస్టరు, ప్యాకెట్టు మీది లాట్ నంబరు, వీటిలో ఏది దొరికినా దాన్ని కొనుగోలుకు రుజువుగా తీసుకుని పరిహారం విచారణ మొదలుపెట్టాలని మండల వ్యవసాయాధికారికి రాతపూర్వకంగా ఆదేశం ఉండాలి. తొలకరి జూన్‌లో వస్తుంది. విత్తన దుకాణాల ముందు వరసలు మే చివరి వారంలోనే మొదలవుతాయి. ఆ ఆదేశం ఏప్రిల్ లోపు మండలాలకు చేరితే రాబోయే ఖరీఫ్‌కే పనికొస్తుంది.

ఇట్లు,
ఒక తెలుగు వినియోగదారు